ఏడో నంబరు విమానం సంతకం

"ఎన్నిసార్లు చెప్పాలి సార్? వంతెన కూల్చింది మీరే. పుస్తకంలో మీ సంతకముంది," అన్నాడు రికార్డుల గుమాస్తా, టీ గ్లాసు మీద ఈగను తోలుతూ.

"కూల్చలేదని నేనే మొత్తుకుంటుంటే నీకేం నొప్పయ్యా!"

పైలట్ ఆ గదిలో ఈ మాట అనడం పదకొండోసారి. యుద్ధంలో ఇచ్చిన పతకాన్ని విప్పి బల్లమీద పెడితే, గుమాస్తా రెండువేళ్లతో వెనక్కి నెట్టాడు. పారేసుకున్నవాళ్లకు ఫారముందట. తిరిగిచ్చేవాళ్లకు లేదట.

జరిగింది ఇంతే. విమానమెక్కేముందు మెకానిక్ చాచిన పుస్తకంలో ఎవరు సంతకం పెడితే ఆ విమానం ఇక వాళ్లదే. ఆ పొద్దున ఇతను ఏడో నంబరుకి పెట్టాడు, స్నేహితుడు పొట్టోడు తొమ్మిదికి. తీరా ఎక్కాక తొమ్మిదిలో సీటు కిందికి దిగి బిగుసుకుపోయింది. పొట్టోడికి ఎదుట ఆకాశం లేదు, మీటర్లే ఉన్నాయి. "ఒరేయ్ తాటిచెట్టూ, నీ బండి నాకియ్యరా!" అని అరిచాడు. మార్చుకున్నారు. పుస్తకం దిద్దే తీరిక ఎవరికుంది? ఏడో నంబరు వంతెన కూల్చి వచ్చింది. మూడోనాడు ఎగిరిన పొట్టోడు మళ్లీ రాలేదు. పతకం మాత్రం సంతకాన్ని వెతుక్కుంటూ ఇతని దగ్గరికొచ్చింది. అప్పుడే పై అధికారికి చెప్పాడు. "యుద్ధమయ్యాక చూద్దాం" అన్నాడాయన. యుద్ధమై నలభై ఏళ్లు.

పొట్టోడి భార్య బయట బెంచీ మీద కూర్చుంది. వచ్చేవారం ఆమెకు గుండె ఆపరేషను. ఈలోగా మొగుడి పేరు ఆ పుస్తకంలో చూడాలని ఆమె కోరిక.

"సాక్షిని తెండి," అన్నాడు గుమాస్తా.

"మెకానిక్‌ని అడిగా. 'నా చేతిమీదుగా సరైన సంతకం లేకుండా విమానం ఒక్కటీ లేవలేదు' అని తలుపేసుకున్నాడు. పరువట ముసలాడికి!"

"మరి నన్నేం చెయ్యమంటారు?" గుమాస్తా విసుగ్గా ఆ పాత పుస్తకం తెరిచి ఇటు తిప్పాడు. "ఇదిగో, మీది కాదా?"

తనదే. కోడి గెలికినట్టున్న ఆ గీతలు చూసేసరికి పైలట్‌కి ఒళ్లు మండింది. గుమాస్తా జేబులోంచి పెన్ను లాగి, తన సంతకం కొట్టేసి, పైన పొట్టోడి పేరు రాశాడు.

"అయ్యయ్యో! కొట్టివేతలున్న పేజీ చెల్లదు సార్! ఇప్పుడా వంతెన ఎవరూ కూల్చనట్టే!" గుమాస్తా పెన్ను లాక్కున్నాడు. "నా ఉద్యోగం ఊడుతుంది!"

"నేనే రాశానని రాసుకో. నా సంతకమంటే మీకు మహా నమ్మకం కదా!"

పైలట్ పుస్తకం పట్టుకుని తలుపు దాకా నడిచాడు. రెండో అంచు వదలని గుమాస్తా కాళ్లీడ్చుకుంటూ వెంట వచ్చాడు.

"చెల్లెమ్మా, తొందరగా చూడు!"

ఆమె కళ్లజోడు సవరించుకుని వంగింది. పేరు కింద వేలు పెట్టి, కూడబలుక్కుని చదివింది. మళ్లీ చదివింది.

"ఇంటిపేరు రాయలేదేం అన్నయ్యా?"

పైలట్ గుమాస్తా వైపు చెయ్యి చాచాడు. గుమాస్తా పెన్నున్న పిడికిలి వీపు వెనక దాచుకున్నాడు.