బండి బొడ్డు

కంబన్న తడిగుడ్డ పిండి కారు ముందద్దాన్ని మూడోసారి తుడుస్తున్నాడు. మొదటి రెండుసార్లకే అద్దం మెరిసిపోయింది. మూడోది శెట్టిగారి కోసం. అద్దం శుభ్రంగా ఉందా లేదా అని ఆయన చూడడు. దాని మీద ఎవరి వేలిముద్రలైనా ఉన్నాయేమోనని చూస్తాడు.

శెట్టిగారంటే రాజంపేటలో వేరుశనగ నూనె మిల్లున్న లక్ష్మీనరసయ్య. మనిషి చెడ్డవాడేం కాదు. కాకపోతే పాలు తాగే ముందు గుక్కెడు పిల్లికి పోసి, అది మూతి తుడుచుకొని పడుకునేదాకా కనిపెట్టి చూసే రకం. తాళం వేసి నాలుగడుగులు పోయి, వెనక్కి వచ్చి లాగి చూసి, మళ్ళీ నాలుగడుగులు పోయి, ఇందాక లాగి చూసింది ఏ తాళమా అని ఆలోచిస్తాడు. భార్య అన్న సుబ్బన్న మిల్లులో భాగస్తుడుగా ఉన్నన్నాళ్ళూ ఇంత లేదు. రెండేళ్ళ కిందట ఇద్దరికీ చెడి, వ్యవహారం కోర్టుకెక్కి, కడప రోడ్డులో ఒక రాత్రి కారు మీద ఎవరో రెండు రాళ్ళు వేసిన తర్వాత ఆయనకు ప్రపంచంలో నమ్మదగినవాడు ఒక్కడూ మిగల్లేదు.

ఆ రాళ్ళు పడ్డ నెలలోనే చేతిలైటు వచ్చింది. కారు అమెరికాది, పాతది. డాష్‌బోర్డులో సిగరెట్టు వెలిగించుకోవడానికి బొటనవేలు పట్టేటంత గుండ్రటి సాకెట్టు ఒకటుంది, దానికో చిన్న మూత. శెట్టిగారికి పొగతాగే అలవాటు లేదు. మద్రాసులో ఒక మెకానిక్కు ఆ సాకెట్టుకు సరిపడే బిరడా చేసి, పొడుగాటి తీగకు ఇంత లావు లైటు తగిలించి ఇచ్చాడు. చీకటి పడ్డాక శెట్టిగారు వెనక సీట్లో కూర్చొని దాన్ని ఒళ్ళో పెట్టుకుంటాడు. ప్రతి కల్వర్టు దగ్గరా కుడివైపొకసారి, ఎడమవైపొకసారి వేస్తాడు. తంగేడు పొదలన్నీ పట్టపగల్లాగా కనబడతాయి. ఎక్కడా ఎవరూ ఉండరు. ఉండకపోవడం కూడా ఆయనకు అనుమానమే.

ఆ లైటు నాలుగు శుక్రవారాలుగా ఆరిపోతూ వస్తోంది. బల్బు బాగుంటుంది, తీగ బాగుంటుంది. డాష్‌బోర్డు కింద ఫ్యూజు మాత్రం కాలిపోయి ఉంటుంది. నాలుగుసార్లు కంబన్నే కొత్త ఫ్యూజు వేశాడు. నాలుగుసార్లూ అది మళ్ళీ శుక్రవారం దాకా బతికింది.

ఇవాళ శుక్రవారం. అందుకే పొద్దు పొడవకముందే లైటు తగిలించి చూశాడు. గోడ మీద తెల్లగా పళ్ళెమంత వెలుగు పడింది. తీసేసి, కారు కడిగి, ఇంటావిడ రాజ్యలక్ష్మమ్మ వచ్చి ఎప్పటిలాగే బానెట్టుకు పసుపూ కుంకుమా పెట్టి హారతి ఇస్తుంటే తాను పెరట్లోకి పోయి గంజి తాగి వచ్చాడు. ఆడవాళ్ళు పూజ చేసుకుంటుంటే పక్కన నిలబడకూడదని ఎవరూ చెప్పకపోయినా పాటించే మనిషి. తిరిగి వచ్చి అద్దం మూడోసారి తుడుస్తుండగా శెట్టిగారు కారు తలుపు తీసి, లైటు తగిలించి, మీట నొక్కాడు. వెలగలేదు.

“ఏమప్పా కంబన్నా, మళ్ళా పోయినట్లుండాదే?”

“పొద్దున బాగా ఎలిగింది శెట్టిగారూ. నేనే సూసినా.”

“నువ్వు సూస్తే ఎలుగుతాది, నేను సూస్తే ఎలగదు. మనుషుల ముఖాలు సూసి ఎలిగే లైటును నేను యాడా సూడలేదు.”

కంబన్న గుడ్డ పిండుతూ నిలబడ్డాడు. శెట్టిగారు అతని చేతుల వైపు చూశాడు, తర్వాత జేబు వైపు చూశాడు.

“సాయంత్రం కోడూరికి పోవల్ల. తిరిగొచ్చేతలికి శీకటి పడతాది. ఆ దావలో ఎవురుంటారో నాకు తెలుసు. నీకూ తెలుసేమో! పొద్దు గూకేలోపల లైటు ఎలగల్ల. లేదంటే తాళంచెవి ఈడ పెట్టి నీ కోసిగికి నువ్వు పో.”

కోసిగి కంబన్న పుట్టిన ఊరు, దూరాన పడమట. పద్నాలుగేళ్ళ కిందట కరువులో ఆ ఊరు విడిచి, శనక్కాయలు పీకే కూలీలతో పాటు రైలెక్కి ఇక్కడ దిగాడు. కూలీలంతా పంట కాగానే తిరిగి పోయారు. తాను మిల్లులో మూటలు మోయడానికి నిలిచాడు. యుద్ధం రోజుల్లో బొగ్గు గ్యాసుతో నడిచే లారీకి క్లీనరయ్యాడు, మసి తుడిచీ తుడిచీ డ్రైవరయ్యాడు. ఈ కారు కొన్ననాటి నుంచి దీని దగ్గరే ఉన్నాడు. చక్రాన్ని వేలి కణుపుతో కొట్టి గాలెంతుందో చెబుతాడు. నోట్లో మాట నోట్లోనే ఉంచుకుంటాడు. ఆ నోరు తెరిచిన నాలుగుసార్లూ “దుడ్లు” అనో “హౌదు” అనో ఒక పడమటి కన్నడపు మాట దొర్లుతుంది, వీధిలో పిల్లలు నవ్వుతారు. భార్య లక్ష్మీదేవమ్మ ఈ ఊరి మనిషే. ఇంతకాలం ఇక్కడి నీళ్ళు తాగినా శెట్టిగారికి కోపం వస్తే తాను కోసిగివాడేనని ఇవాళ తెలిసింది.

కొత్త ఫ్యూజుల కోసం బస్సుల షెడ్డుకు నడుస్తున్నంతసేపూ కంబన్న మనసులో ఒక్కొక్కరినే నిలబెట్టి చూశాడు. మిల్లు కావలి మారెన్న ఈ మధ్య ఎదురుపడితే ఎందుకో తల పక్కకు తిప్పుకుంటున్నాడు. వంటమనిషి నిన్న అవసరం లేకుండా కారు షెడ్డు వైపు వచ్చింది. పూజారి కూడా శుక్రవారమే వస్తాడు. ఇలా ఊళ్ళో సగం మందిని అనుమానించి, చివరికి నిద్రలో లేచి తానే ఏమైనా చేస్తున్నాడా అనుకునేదాకా వచ్చి, ఛీ అనుకున్నాడు. శెట్టిగారి జబ్బు అంటుజబ్బని అప్పుడు అర్థమైంది.

బస్సుల షెడ్డులో మెకానిక్కు ఏసన్న డైనమో విప్పుకొని కూర్చున్నాడు. విషయం విని నవ్వాడు.

“ఇంత తంటా ఎందుకప్పా? సిగరెట్టు పెట్టెలో మెరిసే ఎండిరేకు ఉంటాది గదా, కాలిపోయిన దానికే సుట్టి పెట్టు. జన్మలో పోదు.”

“ఫ్యూజు పోదు. తీగలు కాల్తాయి. బండి కాల్తాది. అందులో శెట్టిగారుంటాడు.”

“నిన్ను దొంగను సూసినట్ల సూస్తాండాడు, ఆయప్ప కోసం నీకెందుకింత?”

కంబన్న చెయ్యి చాపాడు. ఏసన్న డబ్బా వెతికి గాజు ఫ్యూజులు కొన్ని కాగితంలో చుట్టి ఇచ్చాడు.

మధ్యాహ్నం శెట్టిగారి షెడ్డులో కారు లోపల గోనె పరిచి, డాష్‌బోర్డు కిందికి తల దూర్చి కంబన్న పని మొదలుపెట్టాడు. ఇంజను ఆపి ఉన్నా ఆ సాకెట్టుకు బ్యాటరీ నుంచి ఎప్పుడూ కరెంటుంటుంది. అందుకని ముందు బ్యాటరీ తీగ ఊడదీశాడు. రెండు ఇత్తడి పట్టీల మధ్య నుంచి పాత ఫ్యూజును చెక్కపుల్లతో మెల్లగా లేపి, బయటికి తెచ్చి ఎండకు పెట్టి చూశాడు. గాజు లోపల మసి. వెంట్రుకంత తీగ నడిమికి తెగి, రెండు కొసలూ చిన్న బొట్లుగా కరిగి ఉన్నాయి. మెల్లగా వేడెక్కి తెగిన తీగ కాదిది. ఒక్క దెబ్బకు పోయింది. అంటే ఎవరో ఆ సాకెట్టులో ఇనుమో రాగో పెట్టి ఉండాలి. ఇత్తడి పట్టీలను గరుకు కాగితంతో రుద్ది, కొత్త ఫ్యూజు మూతి మీది అంకె పాతదానితో సరిచూసుకొని, నొక్కి కూర్చోబెట్టాడు. బ్యాటరీ తీగ బిగించాడు. సాకెట్టు మూత తెరిచి చూస్తే అంచున పసుపు అంటి ఉంది.

అది చూడగానే వచ్చిన ఆలోచనకు సిగ్గుపడి చెంపలు వేసుకున్నంత పని చేశాడు. పొద్దున బండికి పసుపు పెట్టిన ఆ తల్లి చేతి అన్నం తిన్న మనిషి తాను. గ్రీజు డబ్బా తీసుకొని బండి వెనకభాగం కిందికి దూరాడు.

కాసేపటికి షెడ్డు తలుపు కిర్రుమంది. కారు కింద నుంచి అతనికి పసుపు రాసిన పాదాలు, మట్టెలు కనిపించాయి. కర్పూరం వాసన వచ్చింది. ముందు తలుపు తెరిచిన చప్పుడు, సాకెట్టు మూత తీసిన చప్పుడు, ఆ వెంటనే చిటుక్కుమని ఒక చిన్న శబ్దం.

“పలికినావా తల్లీ,” అంది రాజ్యలక్ష్మమ్మ గొంతు, ఏడుపూ సంతోషం కలిసి.

కంబన్న బయటికి జరిగి లేచాడు. ఆమె అదిరిపడింది. వేళ్ళ మధ్య చుట్టచుట్టిన రాగిరేకు ఉంది, దాని మీద ఏవో గీతలు.

“అమ్మా, ఇదేంది?”

ఆమె తలుపు వైపు చూసి, గొంతు తగ్గించింది. “పెన్న గట్టున సామి ఇచ్చినాడప్పా. ఆయన ఎక్కే బండి బొడ్డులో శుక్రవారం శుక్రవారం పెట్టి తియ్యమన్నాడు, ఎవురి కంటా పడకుండా. బండికి బొడ్డంటే ఇదే గదా? ఈ పొద్దు రాత్రి ప్రయాణమని రెండోసారి తెచ్చినా. పెట్టిన ప్రతిసారీ తల్లి చిటుక్కుమని పలుకుతాది.”

కంబన్నకు నవ్వాలో ఏడవాలో తెలియలేదు. జేబులో నుంచి మసిపట్టిన గాజు తీసి చూపించాడు. “అది పలుకు కాదమ్మా. ఈ ఫ్యూజు కాలే సప్పుడు.”

అర్థం కావడానికి కొంచెంసేపు పట్టింది. అర్థమయ్యాక ముఖంలో నెత్తురు చుక్క లేదు.

“ఆయనకు సెప్పొద్దప్పా. నేను సుబ్బన్న సెల్లెల్ని. నా సేతిలో యంత్రం సూస్తే ఏమనుకుంటాడో నీకు తెల్దా? నా పసుపు కుంకుమల మీద ఒట్టు.”

“సెప్పనమ్మా.”

“మరి ఆయనకు రక్ష?”

భయంతో అడుగుతున్న ఆ ముఖాన్ని చూసి కంబన్నకు జాలేసింది. “నాకియ్యండి. ఆయన కూర్చునే సీటు అడుగున గుడ్డలో పెట్టి కుట్టేస్తా. ఆడ కరెంటు రాదు. ఎవురికీ కనపడదు.”

ఆమె రేకు అతని చేతిలో పెట్టి, కొంగుతో కళ్ళు ఒత్తుకొని లోపలికి పోయింది. కంబన్న మళ్ళీ గోనె మీద పడుకొని ఇంకో ఫ్యూజు వేశాడు. లైటు తగిలించాడు, వెలిగింది. నాలుగు వారాల పీడ విరగడైందని మనసు తేలికపడింది. వెనక సీటు ఎత్తి, అడుగున కాన్వాసు కొంచెం కోసి, రేకు లోపలికి దోపి, దబ్బనంలో దారం ఎక్కిస్తుండగా తలుపులో నీడ పడింది.

“ఏం కుడతాండావు?”

శెట్టిగారు వంగి, రేకును రెండు వేళ్ళతో బయటికి లాగాడు. గీతలు చూశాడు. రేకును ఒంటికి దూరంగా పట్టుకున్నాడు.

“నా సీటు కింద! ఎవురిచ్చినారు? సుబ్బన్నేనా?”

“ఎవురూ ఇయ్యలేదు శెట్టిగారూ.”

“మరి?”

“మీ మేలుకే.”

“నా మేలు నీకెందుకప్పా?”

కంబన్న తలెత్తి చూశాడు. ఇంటి వెనక గుమ్మంలో రాజ్యలక్ష్మమ్మ నిలబడి ఉంది. ఆమె అంతా చూస్తోందని అతనికి తెలుసు. ఒక్కమాట ఆమె అంటే చాలు. తానన్నా చాలు. కాని నిజం బయటపడితే ఈ రాత్రే శెట్టిగారు ఆమెను పుట్టింటికి పంపిస్తాడు, ఆ పుట్టింటివాళ్ళు రెండేళ్ళుగా తలుపు తియ్యలేదు. తనకు కోసిగైనా ఉంది. ఆమె పెదవులు కదిలాయి, మాట రాలేదు. కొంగు నోటికి అడ్డం పెట్టుకొని లోపలికి తిరిగింది.

ఆమె వీపు చూశాక ఇంక చెప్పేందుకేమీ మిగల్లేదనిపించింది. కంబన్న దబ్బనం పక్కన పెట్టాడు.

తాళంచెవి షెడ్డు గోడ గూట్లో పెట్టాడు. దాని పక్కనే మిగిలిన ఒక్క ఫ్యూజున్న కాగితపు పొట్లం పెట్టాడు. “లైటు బాగుండాది. ఎప్పుడన్నా పోతే ఇది ఎయ్యమని సెప్పండి. ఎండిరేకు మాత్రం సుట్టనీయొద్దు, తీగలు కాల్తాయి,” అన్నాడు.

“తాళంచెవి తీసుకోండి. ఆ పొట్లాన్ని ఎవురూ ముట్టుకోవద్దు. దాంట్లో ఏం కలిపినాడో!” అని శెట్టిగారు లోపలివాళ్ళకు వినబడేలా చెప్పాడు.

సాయంత్రం కోడూరికి అద్దె డ్రైవరు కారు నడిపాడు. దారంతా లైటు నిక్షేపంగా వెలిగింది. అదే వేళకు కంబన్న, లక్ష్మీదేవమ్మ ఒక ట్రంకుపెట్టె, రెండు మూటలతో బొంబాయి వైపు పోయే రైలెక్కారు. రాజంపేటలో ఎక్కినవాళ్ళు కోసిగిలో దిగడానికి బండి మారనక్కర్లేదు. పద్నాలుగేళ్ళూ ఆ రైలు కూత వింటూనే ఉన్నాడు గాని కంబన్నకు ఎక్కే పని పడలేదు.

రాగిరేకును శెట్టిగారు తన చేత్తో బావిలో వేశాడు. ఆ తర్వాత ఏ శుక్రవారమూ ఫ్యూజు పోలేదు. “సూసినారా, వాడు పోయినంక ఒక్కసారన్నా ఆరిందా?” అని ఆయన వచ్చినవాళ్ళందరికీ చెప్పేవాడు. అప్పుడు రాజ్యలక్ష్మమ్మ మజ్జిగ గ్లాసులు అక్కడ పెట్టి, ఎవరి ముఖమూ చూడకుండా లోపలికి పోయేది.

షెడ్డు ఊడ్చే మనిషి ఆ గూడు దాకా వచ్చి, పొట్లాన్ని చీపురు తగలనీయకుండా దాని చుట్టూ మాత్రం ఊడ్చేది. కాగితం పసుపుపచ్చగా మారి, ఒక మూల విచ్చుకుంది. అందులో నుంచి గాజు ఫ్యూజు కొస, వెంట్రుకంత తీగ తెగకుండా, బయటికి కనబడుతూ ఉండేది.