మగ్గం గుంత కిటికీ

ఎమ్మిగనూరులో ఉరుకుందమ్మ మగ్గం గుంతలో దిగి కూర్చుంటే వీధి ఆమె కళ్ళకు సమంగా ఉంటుంది. పక్కనున్న చిన్న కిటికీలోంచి మనుషుల మొహాలు కనిపించవు, కాళ్ళే కనిపిస్తాయి. అవైనా ఈరోజువి కావు, రేపటివి. వీధిలో అందరికీ అది అలవాటే.

"అక్కా, రేపు నీళ్ళ ట్యాంకరు వస్తాదా?" అని పొరుగింటి హుసేనమ్మ పొద్దున్నే కేకేసింది.

"ఇంకా సెక్రాలు కనపడల్యా. కనపడితే సెప్తాలే!"

ఆ సాయంత్రం కిటికీలో బొరుగులు రాలాయి. వాటి వెనకే తడి పంచె, చెప్పుల్లేని కాళ్ళు, నిప్పుకుండ పొగ. కుడి బొటనవేలికి గోరు లేదు. ఆ కాలు మొగుడు హనుమన్నది. వెనక పాడె మోసేవాళ్ళ కాళ్ళు.

పిల్లలు లేని ఆడమనిషికి కుండ పట్టేది మొగుడే. ఉరుకుందమ్మ గుంతలోంచి లేచి మొగుడి దగ్గరికి పోయింది.

"ఇదో, రేపు నేను సచ్చిపోతాండాను."

హనుమన్న చేతిలోని నూలు జారిపడింది. "బాగుండావు గదే!"

"నాకేం తెలుసు? కుండ పట్టుకొని ముందర నువ్వే పోతాండావు."

ఆ మాట వీధంతా పాకింది. తెల్లారేసరికి ఎదురింటి గిడ్డయ్య గడప దాటి వచ్చాడు. హనుమన్నకు సొంత అన్న, పెళ్ళి చేసుకోని మనిషి. మగ్గాలు పంచుకున్న నాటి నుంచి ఆ ఇంటివైపు కన్నెత్తి చూసిందే లేదు.

"అమ్మా, నీ చేతి జొన్నరొట్టె తిని ఎన్నేండ్లాయ! నువ్వు పోయేలోపల ఒకటి పెట్టు," అని పసిబిడ్డలా ఏడ్చాడు.

చావబోయే మనిషిని వండిపెట్టమనడం గిడ్డయ్యకే చెల్లింది. ఆమె వండింది. అన్నదమ్ములు ఒకే పళ్ళెంలో తిన్నారు.

"పప్పులో ఉప్పు సాలలేదురా," అని గిడ్డయ్య తమ్ముణ్ణి చూసి నవ్వాడు. నవ్వుతూనే ఆ భుజం మీదికి ఒరిగిపోయాడు.

"అన్నా! అన్నా!" హనుమన్న ఎంత కదిపినా ఊపిరి లేదు.

గిడ్డయ్యకూ తమ్ముడు తప్ప ఎవరూ లేరని, ఆయనకూ కుండ పట్టాల్సింది హనుమన్నేనని, ఇన్నేళ్ళ పంతంలో ఆ ఇంట్లో ఎవరికీ తట్టలేదు.

సాయంత్రం బయట తప్పెట్లు సాగిపోయాయి. ఉరుకుందమ్మ గుంతలోకి దిగింది. కిటికీ వైపు చూడాలంటే ఇంకా భయమే. చూసింది. రేపటి వీధిలో ఎవరో బొరుగులు ఊడుస్తున్నారు. మెట్టెలున్న కాళ్ళు, మడమ మీద రంగు మరక.

అవి తన కాళ్ళే. తన వాకిలి ఊడ్చి, ఆ కాళ్ళు మెల్లగా ఎదురింటి గడప ముందుకు పోయి, అక్కడా ఊడ్చాయి.