వంగి తీసిన కొలత

మొదట్లో భాగ్యశ్రీ చేతిలో ఉన్నవి: ఒక కుట్టు మిషను, పన్నెండేళ్ల జాకెట్ల అనుభవం, మొగుడు వైకుంఠరావు దయతలచి ఇచ్చిన సగం తాను రైన్‌కోటు గుడ్డ. "పాడు సేసినావంటే మళ్లీ నా కొట్టు గుమ్మం తొక్కకు" అన్న మాట దాంతోపాటు ఉచితం.

పలాస బజారులో అతని కొట్టునిండా రైన్‌కోట్లే. అన్నీ మగవాళ్ల కొలతలే. ఉభాలకు, అంటే వరినాట్లకు, వెళ్లే ఆడవాళ్లు తొడుక్కుని చూస్తే ఛాతీ దగ్గర గుండీ పడదు, చేతులు మోకాళ్ల దాకా వేలాడతాయి. "వానకి ఆడా మగా తెలుసేటే?" అని నవ్వేవాడు వైకుంఠరావు. వానకు తెలియదు, నిజమే. గుండీకి తెలుసు కదా అనుకునేది భాగ్యశ్రీ, అతనికి మూడో టీ అందిస్తూ. పొద్దస్తమానం ఆమె కొట్టులో మూటలు విప్పి సర్దినా, అడిగినవాళ్లకు అతను చెప్పేది ఒకటే: "మాయావిడ ఖాళీయే, ఊసుపోక వత్తాది."

ఛాతీ వదులు చేసి, చేతులు కురచ చేసి మొదటి కోటు కుట్టింది. నాట్ల ముఠా నడిపే బొడ్డమ్మకు ఇచ్చింది. మర్నాడు బొడ్డమ్మ తడిసి ముద్దయి వచ్చింది.

"నిల్సుంటే రాణీలాగున్నాను తల్లీ! వంగితే ఎనకాల పైకెగిరిపోయి నీళ్లన్నీ నడుం మీదే. మేం నిల్సుని నాటతామేటి?"

వైకుంఠరావు పొట్ట పట్టుకుని నవ్వాడు. "సెప్పినానా, లేదా?"

భాగ్యశ్రీకి తల కొట్టేసినట్టయింది. పన్నెండేళ్లుగా ఆడవాళ్లను నిటారుగా నిలబెట్టే కొలతలు తీసింది. రోజంతా వంగి ఉండే నడుముకు నిలబడ్డ కొలత ఎందుకు? ఇల్లు ఊడ్చేటప్పుడు తన జాకెట్టు పైకి లాక్కుపోతే, తప్పు కొలతది అనుకోలేదు, తన ఒంటిది అనుకుంది.

"బొడ్డమ్మా, నారు పట్టుకున్నట్టు వంగు."

కొట్టు నడిమధ్యన బొడ్డమ్మ వంగింది. బజారు ఆగి చూసింది.

"పరువు పోతందే!" వైకుంఠరావు తువ్వాలు మొహానికి అడ్డం పెట్టుకున్నాడు.

"పరువు తరవాత సూద్దుం బావా. టేపు ఆ సివర పట్టుకో."

వీపు జానెడు పొడుగు, పక్కల చీలికలు. తానులో మిగిలిన గుడ్డంతా కత్తిరించేసింది. చెడితే తన చోటు గుమ్మం బయటే. ఈసారి బొడ్డమ్మ సాయంత్రం వచ్చి వీపు చూపించింది. పొడి. వారానికల్లా కబురు వజ్రపుకొత్తూరు దాకా పోయింది. వచ్చినవాళ్లందరికీ "మా సొంత డిజైను" అని చెప్పడం మొదలుపెట్టాడు వైకుంఠరావు.

భాగ్యశ్రీ తనకూ ఒకటి కుట్టుకుని, జోరువానలో తొడుక్కుని, టేపు మెడలో వేసుకుంది.

"ఎక్కడికే?"

"వజ్రపుకొత్తూరు. కొలతలకి."

"మరి వంట?"

"బియ్యం కొలిసి పెట్టినాను. కడిగి పొయ్యిమీద పడీ."

సీజను చివర లెక్క తేలింది: డెబ్బై ఒక్క రైన్‌కోట్లు అమ్ముడయ్యాయి, కొత్త మిషను ఒకటి వచ్చింది, చేయి కాల్చుకోకుండా గంజి వార్చడం తెలిసిన మొగుడు ఒకడు మిగిలాడు.