ఫోటో తీసినవారి పేరు

మా కౌంటీ చరిత్ర సంఘం పాత రైల్వే స్టేషన్లో నడుస్తోంది. ఒకప్పుడు టికెట్లు ఇచ్చిన కిటికీ వెనక నా బల్ల. జనం అటకల మీద నుంచి దింపి తెచ్చిన ఫోటోలను స్కాన్ చేసి, అందులో ఉన్నదెవరు, ఎక్కడ, ఎప్పుడు, తీసిందెవరు అని ఒక్కొక్కదాని కింద రాసి, ఆన్‌లైన్ విజ్ఞాన సర్వస్వంలోకి ఎక్కించడం నా పని. జీతం లేదు. నా భార్య ఎల్సీ చనిపోయిన ఏడాదే ఈ పని మొదలుపెట్టాను. ఆరేళ్ళయింది. పేరు తెలియని మొహాలతో పొద్దు గడపడం ఆ రోజుల్లో నాకు మేలు చేసింది. వాళ్ళు నన్ను ఎలా ఉన్నావని అడగరు.

మా దగ్గరికి వచ్చేవాళ్ళందరిదీ ఒకటే పొరపాటు. ఫోటో ఎవరి సొరుగులో ఉంటే కాపీరైటు హక్కు వాళ్ళదే అనుకుంటారు. నిజానికి హక్కు తీసినవారిది, వారు పోయాక వారి వారసులది. మేమిచ్చే అనుమతి పత్రంలో మొదటి గడి ‘ఈ ఫోటో నేను స్వయంగా తీశాను’ అని ఉంటుంది. అది కనబడగానే ఎవరికీ చెయ్యి ఆగదు. 1931 నాటి పెళ్ళి ఫోటో తెచ్చిన అరవై ఏళ్ళ మనిషి కూడా నవ్వుమొహంతో అక్కడ టిక్కు పెడతాడు. నేను ఇంకో పత్రం తీసి మళ్ళీ మొదటినుంచి చెబుతాను.

“ఏవయ్యా ఆర్విడ్, నీ దగ్గరికొచ్చే వాళ్ళంతా అమ్మ కడుపులో ఉండగానే కెమెరా పట్టినట్టున్నారే” అంటుంది మా కార్యదర్శి వెర్నా.

1955 నవంబరులో మా రేవులో ఇనుప ఖనిజం నింపుకొని టొలీడో బయలుదేరిన ప్రూయెట్ అనే ఓడ, మూడో రోజున సముద్రమంత సుపీరియర్ సరస్సులో మునిగిపోయింది. ఇరవై ఎనిమిది మంది. ఒక్కరూ తిరిగి రాలేదు. విజ్ఞాన సర్వస్వంలో ఆ ఓడ మీద ఒక వ్యాసం ఉంది. అందులో పోయినవాళ్ళ పట్టిక ఉంది. రెండేళ్ళు తిరిగి తిరిగి ఇరవై ఏడు మొహాలు సంపాదించాం. ఆఖరి వరసలో టౌనో హీటికో, డెక్కు మీద కూలీ, పందొమ్మిదేళ్ళు. అతని పేరు పక్కన గడి ఖాళీ.

వెర్నా మా వారపత్రికలో ఒక ప్రకటన వేయించింది. నాలుగో రోజున ఐలీ వచ్చింది. టౌనో చెల్లెలు. ఎనభై ఏళ్ళు. ఊళ్ళో అందరికీ ఆమె నర్సుగా తెలుసు. మా పిల్లలిద్దరినీ ఈ లోకంలో మొదట ఎత్తుకున్నది ఆమే. ఆమెకొక అన్న ఉండేవాడని నాకు ఆ పట్టిక చూసేవరకు తెలియదు.

చేతిసంచిలోంచి ఒక ప్రార్థన పుస్తకం, అందులోంచి ఒక కవరు, కవరులోంచి ఫోటో తీసింది. అరచేతిలో పట్టేంతది. ఓడ ఎక్కే మెట్ల దగ్గర ఒక కుర్రవాడు. భుజాన సంచి, వెనక్కి తోసిన టోపీ, నోరంతా తెరిచి నవ్వు. వెనక ఓడ పేరులో సగం అక్షరాలు. కింది నుంచి తీసినట్టుంది, మనిషి మిద్దెంత ఎత్తు కనబడుతున్నాడు.

“అందరి మొహాలూ ఉన్నాయి, మావాడిదొక్కటే లేదంట కదా మాస్టారూ. చూసినవాళ్ళు వీడికి ఎవరూ లేరేమో అనుకుంటారు” అంది.

“తీసిందెవరండీ?”

“నాన్న.”

నా ప్రశ్న పూర్తి కాకముందే వచ్చింది జవాబు. నేను రాసుకున్నాను. తండ్రి పోయారు, ఉన్న వారసురాలు ఆమె ఒక్కతే, కాబట్టి సంతకం చెల్లుతుంది. ఇచ్చే లైసెన్సు సంగతి వివరంగా చెప్పాను. ఈ ఫోటోను లోకంలో ఎవరైనా వాడుకోవచ్చు, కత్తిరించొచ్చు, రంగులు వేయొచ్చు, అమ్ముకోవచ్చు కూడా. తీసినవారి పేరు వేస్తే చాలు.

“కాఫీ కప్పుల మీద కూడా వేస్తారా?”

“వేయొచ్చు.”

“వాడు కప్పుతో తాగితే కదా. సాసర్లో పోసుకొని, పంటికింద చక్కెర బిళ్ళ పెట్టుకొని జుర్రేవాడు. అమ్మ తిట్టేది, ఆ చప్పుడుకి ఆవులు బెదురుతాయిరా అని.” నవ్వింది. నవ్వు ఆగాక పత్రం మీద సంతకం చేసింది.

మర్నాడు వివరాలు నింపడానికి కూర్చున్నాను. తేదీ తేల్చడం తేలికే అయింది. ఓడ కంపెనీ జాబితా ప్రకారం టౌనో పనిలో చేరింది జబ్బుపడిన ఇంకొకరి బదులు. ప్రూయెట్ ఎక్కింది ఆ ఒక్కసారే. కాబట్టి ఫోటో ఓడ బయలుదేరిన నవంబరు 22, మంగళవారం పొద్దుటిది, మరో రోజుదయ్యే వీలు లేదు. అది రాస్తుండగా హీటికో అన్న ఇంటిపేరు ఇంకెక్కడో చూసినట్టు తోచింది. పోయిన చలికాలం గనుల కంపెనీ ప్రమాదాల రిజిస్టరు స్కాన్ చేశాను. వెతికితే దొరికింది. మాట్టి హీటికో, నవంబరు 21, రాత్రి షిఫ్టు, కుడికాలు తొడ దగ్గర విరిగింది, ఆసుపత్రి. ఇంటికి పంపిన తేదీ జనవరి 14.

కాలు విరిగి మంచం మీద ఉన్న మనిషి పొద్దున్నే రేవుకు వచ్చి కొడుకు ఫోటో తీయలేడు.

వెర్నాకు చూపించాను. కళ్ళద్దాలు పైకి తోసి చదివింది.

“అయితే?”

“తీసింది నాన్న కాదు.”

“అరవై ఎనిమిదేళ్ళయింది. ఎవడో స్నేహితుడు తీసుంటాడు, ఆవిడ మరిచిపోయుంటుంది. ఇప్పుడా ముసలమ్మ ఇంటికెళ్ళి, నీ మాట అబద్ధం అంటావా? వదిలెయ్యవయ్యా. నువ్వు పరీక్ష పేపర్లు దిద్దే రోజులు పోయాయి.”

వదిలేశాను. తీసినవారెవరో తెలియదని రాస్తే, అచ్చుకాని ఫోటోకు నూట ఇరవై ఏళ్ళు హక్కు ఉంటుంది. 2075 దాకా ఆ గడి ఖాళీగానే ఉండాలి. తండ్రి పేరు ఉండనిస్తే ఎవరికీ నష్టం లేదు. అట్లా అనుకొని పత్రం పంపించాను. కొన్ని అబద్ధాలను ముట్టుకోకుండా పక్కనుంచి నడిచిపోవడం కూడా మర్యాదే అని ఎల్సీ అనేది.

ఇరవై రోజులకు విజ్ఞాన సర్వస్వం తరఫున అనుమతులు చూసే వాలంటీరు దగ్గర నుంచి జవాబు వచ్చింది. మర్యాదగానే రాశాడు. తండ్రి పోయిన తేదీ కావాలి, వేరే వారసులు లేరని మాట కావాలి, తీసింది ఆయనేనని ఎలా తెలుసో ఒక వాక్యం కావాలి. ఆ ఒక్క వాక్యం ఐలీ రాసి ఇవ్వాలి.

అక్టోబరు ఆఖరున ఆమె ఇంటికి వెళ్ళాను. వాకిట్లో మేపుల్ ఆకులు ఊడ్చి కుప్పపోసి ఉన్నాయి. వంటింట్లో కూర్చోబెట్టి ఏలకుల రొట్టె కోసింది. నేను అడగకుండానే చివరి ముక్క, గట్టిగా కాలిన అంచు, నా పళ్ళెంలో వేసింది. ఎల్సీకి తప్ప ఎవరికీ తెలియదనుకున్నాను, నాకు అదే ఇష్టమని. “మీ ఆవిడ చెప్పేది” అంది ఐలీ. కాసేపు నేను వచ్చిన పని మరిచిపోయాను.

తరువాత పత్రం బల్ల మీద పెట్టి విషయం చెప్పాను. ఎలా తెలుసో రాయాలన్న చోట ఆమె వేలు ఆగింది. తేలిక చేద్దామని, “చూడండి, ఇన్నేళ్ళలో నా బల్ల దగ్గరికి వచ్చి ‘నేనే తీశాను’ అని అబద్ధం టిక్కు పెట్టనివాళ్ళు మీరొక్కరే. మీరు తీసి ఉంటే ఈ గోలే లేదు, ఒక్క గీతతో పోయేది” అన్నాను.

ఆమె పత్రం వైపే చూస్తోంది. “ఆ గడి నాదే మాస్టారూ” అంది.

నేను కప్పు దించాను.

“తోట విత్తనాల పొట్లాలు ఇంటింటికీ అమ్మితే బహుమానంగా ఇచ్చారు, డబ్బా కెమెరా. పన్నెండేళ్ళు నాకు. పొట్ట దగ్గర పెట్టుకొని పైనుంచి చూడాలి దాంట్లోకి.”

ఫోటో ఎందుకు కింది నుంచి తీసినట్టుందో అప్పటికి తెలిసింది.

“టౌనో పని వెతుక్కుంటూ రేవుకి దిగి రెండ్రోజులైంది. ఓడలో పని దొరికింది, మంగళవారం వెళ్తున్నానని పాల బండి అతనితో కబురంపాడు. ఆ రాత్రే నాన్న కాలు విరిగిందని గని నుంచి మనిషొచ్చాడు. తెల్లారకముందే అమ్మ నన్ను పాల బండి ఎక్కించింది. అన్నకి చెప్పు, నాన్న పడిపోయాడు, చలికాలానికి కట్టెలు కొట్టేవాళ్ళు లేరు, ఆవుల్ని చూసేవాళ్ళు లేరు, ఓడొద్దు, ఇంటికి రమ్మను. దారంతా వల్లె వేసుకుంటూ పోయాను.”

“మీరు వెళ్ళేసరికి...”

“ఎనిమిదిన్నర. ఓడ కదిలింది పదింటికి.”

ఆమె రొట్టె తునకలను వేలితో ఒక వరసలోకి నెట్టింది.

“నన్ను చూడగానే ఎత్తుకొని తిప్పాడు. ‘ఏయ్ పిచ్చుకా, టొలీడో నుంచి నీకేం తెస్తానో తెలుసా? స్కేట్లు. తెల్లవి. బూట్లతో సహా’ అన్నాడు. మంచు మీద జారడానికి మా బళ్ళో అందరికీ ఉన్నాయి, నాకే లేవు. ముందు ఫోటో తీస్తా, తరవాత చెప్తా అనుకున్నాను. తీశాను. తీశాక, స్కేట్ల సంగతి ఇంకొంచెం చెప్పించుకుందాం అనుకున్నాను. చెప్పాడు. తరవాత ఎవరో పిలిస్తే మెట్లెక్కి వెళ్ళిపోయాడు. అక్కడే నిలబడ్డాను. గంటపైనే ఉంది ఇంకా. పైకెళ్ళి పిలవొచ్చు. ఎవర్నైనా పంపొచ్చు. పిలవలేదు.”

“పన్నెండేళ్ళ పిల్ల...”

“నాకు తెలుసు మాస్టారూ. నలభయ్యేళ్ళు నర్సుగా చేశాను. ఎంతమంది తల్లులకి చెప్పానో, మీ తప్పేం లేదమ్మా అని.” కాస్త ఊపిరి పీల్చుకుంది. “ఇంటికెళ్ళి అమ్మకి చెప్పాను, నేను వెళ్ళేసరికే ఓడ వెళ్ళిపోయిందని. అమ్మ నమ్మింది. పాల బండి అతన్ని తిట్టేది, వాడు తొందరగా తోలుంటే నా కొడుకు బతికేవాడని. పాపం అతను చచ్చిపోయేదాకా మా గుమ్మంలో తలెత్తలేదు. పాలక్యాన్లు గేటు దగ్గరే పెట్టి వెళ్ళేవాడు.”

ఆ ఫిల్మును నర్సింగ్ బడికి వెళ్ళాక అక్కడి ఊళ్ళో కడిగించిందట. తల్లి ఇంకో ముప్ఫై ఒక్క ఏళ్ళు బతికింది. కొడుకు పెద్దవాడయ్యాక తీయించిన ఫోటో ఒక్కటీ లేదని ఆ తల్లి ఊరందరితో అనేది. ఇది కనబడితే ఓడ రేవులో ఉండగానే కూతురు చేరిందని తెలిసిపోతుంది. అందుకని ప్రార్థన పుస్తకంలోనే ఉండిపోయింది.

నేను ఓదార్పు మాట ఒకటి వెతుక్కున్నాను. దొరికిన ప్రతిదీ ఆమె ఎవరికో ఎప్పుడో చెప్పి ఉంటుందనిపించి ఊరుకున్నాను.

“కొత్త పత్రం తెచ్చారా?” అంది.

నా సంచిలో ఎప్పుడూ ఉంటాయి. తీసి ఇచ్చాను. మొదటి గడిలో టిక్కు పెట్టింది. తీసినవారి పేరు దగ్గర, పుట్టింటి పేరుతో, ఐలీ హీటికో అని రాసింది. తేదీ దగ్గరికి వచ్చాక నేను ఆపాను.

“సంవత్సరం చాలండీ. 1955 అని రాస్తే సరిపోతుంది.”

“వేళ రాయకూడదా?”

“రాయనక్కర్లేదు.”

“రాయకూడదా, రాయనక్కర్లేదా?”

“రాయొచ్చు. కానీ ఒక మాట. ఒకసారి ఇచ్చాక దీన్ని వెనక్కి తీసుకోవడం కుదరదు. మీరైనా, మేమైనా.”

“అది నాకు కొత్త కాదులెండి” అంది. రాసింది. పొద్దున ఎనిమిదిన్నర. ఓడ బయలుదేరడానికి గంటన్నర ముందు. రాసి, పాల బండి అతని పేరు కూడా వేయొచ్చా అని అడిగింది. వివరాల కింద వేయొచ్చన్నాను. ‘నన్ను వేళకే రేవుకు చేర్చినవారు వైనో సాలో’ అని, అక్షరాలు విడివిడిగా, ఎవరైనా చదవగలిగేలా రాసింది.

స్టేషన్‌కు తిరిగి వచ్చి పాత వివరాలు చెరిపి కొత్తవి ఎక్కించాను. వెర్నా నా వెనక నిలబడి చదివింది. కాసేపటికి ఆమె తన గదిలో ముక్కు చీదుకోవడం వినబడింది.

నవంబరు రెండో వారంలో అనుమతి ఖాయమైందని ఉత్తరం వచ్చింది. ఫోన్ చేస్తే ఐలీ కోటు గుండీలన్నీ పెట్టుకొని అరగంటలో వచ్చింది. నా కుర్చీలో కూర్చోబెట్టి వ్యాసం తెరిచాను. పట్టికలో ఆఖరి వరస. గడి నిండింది. ఫోటో మీద నొక్కితే తెరంతా టౌనో, కిందనే ఆమె రాసిన మాటలు. ఆమె కళ్ళకు అక్షరాలు ఆనలేదు, చదవమంది. చదివాను. మళ్ళీ చదవమంది. వైనో సాలో పేరు దగ్గర తలాడించింది.

“ఇప్పుడిది ఎవరైనా చూడొచ్చా?”

“లోకంలో ఎవరైనా చూడొచ్చు.”

“అమ్మ తప్ప” అంది.

ఇంకో కుర్చీ లాక్కొని పక్కన కూర్చున్నాను. నా బల్ల మీద ఎవరో అటక నుంచి దింపి ఇచ్చిన పెట్టె ఒకటి మూత తీయకుండా ఉంది. ఆ పూట దాని జోలికి పోలేదు.