కూటం భోజనాలు

మస్టరు దగ్గర రెబెక్కమ్మ ముఖాన్ని ఫోను గుర్తుపట్టలేదు. హాజరు పడలేదు. కొంగుతో తుడుచుకుని మళ్లీ చూపించింది. వెనక నిలబడ్డ వెంకటశేషమ్మకీ అంతే. మొగుడు డ్యూటీలో చచ్చిపోతే అతని చోట్లో మున్సిపాలిటీ చీపురు పట్టిన ఆడవాళ్లందరి పేర్లూ తీసేశారని, కోర్టు తీర్పంటని మేస్త్రీ తల వంచుకుని చెప్పాడు.

రెబెక్కమ్మ మొగుడు దావీదు మురుగుకాలవలో ఊపిరాడక పోయినప్పుడు, శవాన్ని కదలనివ్వకుండా కార్మికులంతా ఆఫీసు ముందు కూర్చుంటే వచ్చిన ఉద్యోగం అది. పేరుకే కారుణ్య నియామకం. దాని మీదే కూతురు అబిగయీలు నర్సింగు చదువుతోంది.

ఆ నియామకాల మీద కేసు పడినప్పుడు వీళ్లు సొంత లాయరును పెట్టుకుందామనుకున్నారు. కార్మిక సంఘం నాయకుడు సుశీల్ కుమార్ వద్దన్నాడు. ఇచ్చిన ప్రభుత్వమే కాపాడుతుంది, మీరు అడ్డం పడితే చెడుతుందన్నాడు. నమ్మారు. వాయిదా రోజున చర్చిలో ఉపవాస ప్రార్థన పెట్టుకున్నారు. వెంకటశేషమ్మ కూడా మంచినీళ్లు ముట్టకుండా వచ్చి వెనక కూర్చుంది. అదే పూట కోర్టులో ప్రభుత్వ లాయరు, ఇవి గడవని కుటుంబాలు కావని ఒప్పేసుకున్నాడు. రుజువుగా ఫోటోలు చూపించాడు.

ఏడాది తిరిగితే చనిపోయినవాళ్ల పేరున జ్ఞాపకార్థ కూటం పెట్టి, వచ్చినవాళ్లందరికీ అన్నం పెట్టడం పేటలో ఆనవాయితీ. లేకపోయినా పెడతారు. ఆ ఫోటోల్లో షామియానా, దావీదు నిలువెత్తు ఫ్లెక్సీ, బంతులుగా జనం. ఇంతమందికి మాంసం కూర పెట్టినవాళ్లు పేదవాళ్లెట్లవుతారని లాయరు అడిగాడట. వెంకటశేషమ్మ పెట్టిన సంవత్సరీకం భోజనాలూ పనికొచ్చాయి.

ఆ ఫోటోలు తీసింది సుశీల్ కుమార్.

ఆఫీసు గేటు దగ్గర అతను కనబడగానే ఆడవాళ్లు చుట్టుముట్టారు. రెబెక్కమ్మ గొంతు పెంచలేదు.

"సుశీలన్నా, మా ఇంట్లో తిని, చెయ్యి కడుక్కోని ఫోటో తీసినావు. ఎవురికిచ్చినావు?"

"ఆఫీసోళ్లు అడిగినారమ్మా. మీకు మంచే జరగతాదనుకున్నా."

"నీకు జరిగింది గదా," అంది వెంకటశేషమ్మ. "ఉపవాసం మాకు, ప్రమోషను నీకు."

అంతలో కమిషనరు బయటికొచ్చాడు. ఎవరు గడవనివాళ్లో కోర్టు మళ్లీ విచారణ చేయమందని, ఇల్లూ పొలమూ లేని నిజమైన పేదవాళ్లు ఇటు వస్తే అది తేలేదాకా పనిలో ఉంచుతామని, మిగతావాళ్లు వెళ్లిపోవాలని చెప్పాడు.

సుశీల్ కుమార్ రెబెక్కమ్మ దగ్గరికొచ్చి, "నీది బాడుగిల్లే గదా. నీ పేరు మొదట చెప్పినా, రా," అన్నాడు.

వెంకటశేషమ్మకు బోగోలు దగ్గర చవుడు బారిన చేను ఉంది. గింజ రాలదు, అయినా చేనే. ఆమె నేల చూస్తూ, "పో అక్కా. పిల్ల చదువు పోగొట్టబాక," అంది.

రెబెక్కమ్మ అడుగు కదిలింది. అబిగయీలు తెల్ల యూనిఫాం కళ్లలో మెదిలింది. అయినా ఆమె అక్కడే ఆగిపోయింది.

"సార్, నా మొగుడ్ని కాలవలో దించేటప్పుడు ఇల్లుందా, చేనుందా అని ఎవురూ అడగలా. ఇప్పుడు నేనెందుకు చెప్పాల?"

వెంకటశేషమ్మ చెయ్యి పట్టుకుని గేటుకు అడ్డంగా కూర్చుంది. ఒక్కరూ కమిషనరు వైపు పోలేదు. చెత్త ట్రాక్టరు మీద బయల్దేరబోతున్న పర్మినెంటు కార్మికులు ఇంజను ఆపి దిగారు. వాళ్ల ఇళ్లల్లోనూ భార్యలున్నారు. తామూ కాలవలోకే దిగుతారు.

పోలీసులు ఆడవాళ్లను వ్యానులోకి ఎక్కించారు. కార్మికులు దాని వెనకే స్టేషనుకు నడిచారు.

మధ్యాహ్నానికి ఎండ ముదిరి బజారు కంపు కొట్టసాగింది. కమిషనరు స్వయంగా ఫోన్లు చేసి పనిలోకి రమ్మన్నాడు. పట్టణంలో ఒక్క చీపురూ లేవలేదు.