మహమ్మదుల కట్ట

రబియాబీ నా గదిలోకి వచ్చేనాటికి ఏడేళ్లుగా నేను ఒక్క తప్పూ చేయలేదు. అట్లా అని గట్టిగా నమ్మేవాణ్ణి.

సిద్దిపేటలో నేను పనిచేసే దవాఖాన వెనుక, వరండా చివర ఉండేది నా గది. రోగి ఇంటికి వెళ్లాక అతని కేసు కాగితాలు నా దగ్గరికి వచ్చేవి. డాక్టరు రాసిన రోగం పేరు చదివి, లావుపాటి పుస్తకంలో దాని నంబరు వెతికి, రిజిస్టరులో ఎక్కించడం నా పని. చక్కెర వ్యాధి 250. కంటి శుక్లం 366. ఉబ్బసం 493. ఒంటరిగా బతికేవాడికి అది హాయైన పని. సాయంత్రాలు బస్టాండు దాకా నడుస్తూ, ఎదురొచ్చేవాళ్లకు మనసులోనే నంబర్లు వేసేవాణ్ణి. నా రిజిస్టరులోని రోగులను మాత్రం ఎన్నడూ చూడలేదు. చూస్తే చేతిరాత వణుకుతుందేమోనని లోపల ఒక భయం ఉండేది. దానికి నేను క్రమశిక్షణ అని పేరు పెట్టుకున్నాను.

1989 నవంబరులో ఒక ఉదయం ఆమె గుమ్మం దగ్గర నిలబడింది. వేళ్లకు బీడీ పొగాకు మరకలు.

"వెంకటనర్సయ్య సార్ అంటే మీరేనా? నేను రబియాబీని, జానీ పాషా ఇంటామెను. మా కొడుకు జలాల్‌కు కండక్టర్ నౌకరి వచ్చింది సార్. మెడికల్‌ల భుజం మీద ఆపరేషన్ మచ్చ జూసి, ఏందని మీ దవాఖానకు చిట్టీ రాసిన్రట. మీరు కాన్సర్ అని జవాబిచ్చిన్రట."

"నేను కాదమ్మా, రిజిస్టరుల ఉన్నది ఇచ్చిన."

"రిజిస్టరు ఎవలు రాసిన్రు?"

తీసి చూశాను. 1985. జలాల్, పదిహేడేళ్లు, కుడి భుజం ఎముక. 170.4. ముత్యాల్లాంటి నా అక్షరాలే. భుజం, చేతి ఎముకల కాన్సర్‌కు ఆ నంబరే వేయాలి.

"ఇంటికి పోయిన నెలకు మళ్ల చూపిస్తే పెద్ద డాక్టర్ చెప్పింది నాకింకా యాదికున్నది సార్. ఎముకల బోలు వడ్డది, అండ్ల నీళ్లున్నయి, కాన్సర్ గిన్సర్ ఏం లేదమ్మా అన్నడు. తుంటి ఎముక గీకి భుజంల నింపిండు. గంతే."

నేను ఓపికగా నియమం చెప్పాను. ఇంటికి పంపిన రోజు కాగితంలో డాక్టరు 'కాన్సర్ అనుమానం, హైదరాబాదు నుంచి రిపోర్టు రావాలి' అని రాశాడు. అనుమానం అని రాసి ఉంటే, రోగం ఉన్నట్టే నంబరు వేయాలి. పుస్తకం అట్లాగే చెబుతుంది. "రిపోర్టు వస్తే మారుస్తం. రాలేదు మరి."

"రాకుంటే పెద్ద డాక్టర్‌కు ఎట్ల తెలిసింది సార్?"

ఏడేళ్లలో నన్ను ఎవరూ అడగని ప్రశ్న అది.

ఆమె కొంగుతో ముఖం తుడుచుకుంది. "నౌకరి పోతే పోనీ సార్. పిలగాడు మూడొద్దులాయె తింటలేడు. గోడదిక్కు తిరిగి పండుకుంటుండు. బియ్యం బస్తాలు మోసినోడు, ఇప్పుడు చెంబు ఎత్తితే ఎముక ఇరుగుతదని భయపడుతుండు. నేను చెప్పినా ఇంటలేడు, వాళ్ల అబ్బా చెప్పినా ఇంటలేడు. రాసినోళ్లకు తెల్వదా అంటుండు."

రాసినోళ్లకు తెల్వదా. నన్ను నేను నమ్మినంత గట్టిగా నన్ను నమ్మినవాడు ఇంకొకడు ఉన్నాడు. ఆ నమ్మకమే వాణ్ణి చావుకు సిద్ధం చేస్తోంది.

గది ఊడుస్తున్న పోచవ్వ నడుము నిటారుగా చేసింది. "సారూ, గా అల్మారీ మీది మామదుల కట్ట సూసినవా?"

ఆ కట్ట నా సొంత ఏర్పాటు. హైదరాబాదు నుంచి పదిహేను రోజులకొకసారి రిపోర్టులు వచ్చేవి. మహమ్మద్ ఫలానా అని పేరు తప్ప కేసు నంబరు ఉండేది కాదు. మా దగ్గర పేరు రాసే గుమాస్తా తల్లి ఏం చెబితే అదే రాసేవాడు: ఉత్త జలాల్, ఉత్త రహీం. అక్షర క్రమంలో వెతికితే ఆ రెండు కాగితాలు ఎప్పటికీ కలిసేవి కావు. ఏ మహమ్మదో తేలకపోతే ఆ రిపోర్టును ఆ కట్టలో చేర్చి తాడు కట్టేవాణ్ణి. నా బల్ల శుభ్రంగా ఉండేది.

"నీకు మామదులంత ఒక్కటే గదా!" అంది పోచవ్వ. "మా వాడల నలుగురు పోచవ్వలున్నరు. నాకు పొడిచే సూది ఇంకో పోచవ్వకు పొడుస్తవా?"

"నీ నోరు మూయ్ పోచవ్వా," అంటూనే స్టూలు ఎక్కాను.

దుమ్ము దులిపి తాడు విప్పాను. అరవైకి పైగా కాగితాలు. రబియాబీ నేల మీద కూర్చుంది. నేను ఒక్కో పేరూ చదువుతుంటే ఆమె గుర్తుపడుతోంది. "అబ్దుల్ రహీమా? సైకిల్ దుకాణమాయన. కడుపుల పుండు అని వచ్చిండె." తరువాతి పేరుకు, "గాయనది బెజ్జంకి ఊరు, మా ఆడబిడ్డ మరిది." నాకు ఒక్క కట్టగా కనబడినవాళ్లు ఆమెకు ఒక్కొక్కరు ఒక్కో ఇల్లు.

నలభై ఒకటో కాగితం జలాల్‌ది. తేదీ, ఆపరేషన్ తరువాత మూడు వారాలకు. ఎముకలో మామూలు నీటి తిత్తి. కాన్సర్ కణాలు లేవు. మూలన డాక్టరు చూసినట్టు టిక్కు కూడా ఉంది.

పైకి చదివాను. రబియాబీ ఏడవలేదు. "నేను చెప్పింది గదే గదా," అంది.

సూపరింటెండెంటు ప్రమీలాదేవి దగ్గరికి వెళ్లాను. ఆమె రెండు కాగితాలూ పక్కపక్కన పెట్టి చూసింది. "రిపోర్టు ఆలస్యంగా అందిందని రాసెయ్యి నర్సయ్యా. ఎవరడుగుతరు?"

నా చేతికి ఆ వాక్యం ఎంత సులువుగా వచ్చేదో నాకు తెలుసు. నా ఏడేళ్ల పేరు మచ్చ లేకుండా మిగిలేది. కానీ ఆ పిల్లవాడు నమ్మింది నా చేతిరాతను. అందులో ఇంకొక అబద్ధం పెడితే, కొత్త నంబరును మాత్రం ఎట్లా నమ్ముతాడు? కండక్టర్ల ఆఫీసుకు రాసిన ఉత్తరంలో 'రిపోర్టు నాలుగేళ్లుగా మా గదిలోనే ఉంది. కేసుతో జతచేయనిది నేను' అని రాసి సంతకం పెట్టాను. ప్రమీలాదేవి ఒకసారి నా ముఖం చూసి, కింద తానూ సంతకం చేసింది. రిజిస్టరులో 170.4 మీద ఎర్ర సిరాతో గీత గీశాను. పక్కన నీటి తిత్తి నంబరు వేశాను, 733.2. సిగ్గు కలుగుతుందనుకున్నాను. అంకెలు మాత్రం ఎప్పటిలాగే గుండ్రంగా పడ్డాయి.

ఉత్తరం కండక్టర్ల ఆఫీసులో నా చేతులతోనే ఇచ్చాను. అక్కడి నుంచి రబియాబీ వెంట వాళ్లింటికి నడిచాను.

జలాల్ నిజంగానే గోడవైపు తిరిగి పడుకుని ఉన్నాడు. కాగితం చూపించి, రిజిస్టరులో రోగం నంబరు మార్చానని చెప్పాను. వాడు తిరిగి చూసి, "గిది గూడ రాసిందే గదా సార్. మొన్నటిది గూడ రాసిందే," అన్నాడు.

న్యాయమైన మాట. వాడి పక్కన చాప మీద కూర్చున్నాను.

"మొన్నటిది అనుమానం. గిది నీ ఎముకలకెల్లి ముక్క తీసి, భూతద్దం కింద పెట్టి చూసి చెప్పింది. అనుమానాన్ని నిజమని రాసింది నేను, అడగకుండ పంపింది నేను. తప్పు నాది తమ్మీ. నీ ఎముకది కాదు."

వాడు పూర్తిగా నావైపు తిరిగాడు. రాసినవాణ్ణి చూడటం వాడికి ఇదే మొదటిసారి. నాకూ వాణ్ణి చూడటం. తరువాత లేచి కూర్చుని, మెల్లగా కుడిచేయి పైకెత్తి, గోడ మేకుకున్న అంగీ అందుకున్నాడు. భుజం మీద మచ్చ సాగి మళ్లీ ముడుచుకుంది.

"కొత్త నంబరెంతన్నరు?"

"ఏడు వందల ముప్పై మూడు పాయింట్ రెండు."

"గా బస్సు ఏడికి పోతది సార్?"

"ముందు రొట్టె తిను, తర్వాత బస్సెక్కుదువు గానీ," అంది రబియాబీ పొయ్యి దగ్గర నుంచి.

శనివారం వాణ్ణి మళ్లీ మెడికల్‌కు పిలిచారు. ఆ ఉదయమే నేను కట్ట విప్పి పైకాగితం తీశాను: మహమ్మద్ అబ్దుల్ రహీం. సైకిల్ దుకాణం ఎక్కడో పోచవ్వను అడిగి, ఆ రిపోర్టు జేబులో పెట్టుకుని, గదికి తాళం వేసి బయలుదేరాను.