కెప్టెను బల్ల

గుడ్లకి పంది కొవ్వు రాస్తున్నాను. ఒక్కో గుడ్డునీ అరచేతిలో తిప్పుతూ సందు లేకుండా పూసి, బూడిద నింపిన పీపాలో కుదురుగా పెట్టాలి. ఎక్కడైనా పూత తప్పితే నడిసముద్రంలో కుళ్ళుతుంది. కుళ్ళిన గుడ్డు కెప్టెను పరువు తీస్తుంది. ఆ కెప్టెను మా ఆయన తాంగీ. ఆ పరువు ఇరవై ఏళ్ళుగా నా చేతి జిడ్డులోనే ఉంది.

"ఆర్మెల్, ఈసారి ఎండు బేరిపళ్ళు ఇంకాస్త ఎక్కువ పెట్టు. మావాళ్ళు వాటికోసం కొట్టుకు చస్తారు," అన్నారు గుమ్మంలోంచే. లోపలికి వస్తే కోటుకి కొవ్వు అంటుతుందని భయం.

ఓడలో అధికారులంతా కెప్టెను బల్ల దగ్గరే తింటారు. ఆ బల్ల నింపాల్సింది కెప్టెను, అంటే కెప్టెను భార్య. ఆయన ఉద్యోగ చరిత్ర ఎవరైనా అడిగితే నేను తిండి రూపంలో చెప్పగలను. లెఫ్టినెంటుగా ఉండగా పెళ్ళయింది, అప్పుడు ఆయన వెంట పంపడానికి ఒక జాడీ ప్లమ్ పళ్ళ మురబ్బా సరిపోయేది. మొదటి చిన్న ఓడ చేతికి వచ్చిన ఏడాది ఉప్పువెన్న పీపాలకి పట్టాను, అప్పుడు మా పెద్దది కడుపులో ఉంది. మార్తినీకు దీవి దగ్గర ఇంగ్లీషువాళ్ళతో పోరాడి, తొడలో తూటాతో తిరిగొచ్చి, రాజుగారిచ్చిన సెయింట్ లూయీ శిలువ పతకం ఛాతీకి తగిలించుకున్నారు చూడండి, ఆ ప్రయాణానికి పెరట్లో కోళ్ళన్నీ ఎక్కించి పంపాను. ఆ చలికాలం ఇంట్లో మేం నల్లగోధుమ గంజి తాగాం. ఇప్పుడు డెబ్బై నాలుగు ఫిరంగుల ఓడ ఇచ్చారు. "బ్రెస్టు రేవులో నీ బల్లంత బల్ల ఇంకొకటి లేదయ్యా" అని అడ్మిరల్ భుజం తట్టారట. ఆ సంగతి చెబుతున్నప్పుడు ఆయన కళ్ళలో నీళ్ళు తిరిగాయి. నా బల్ల, నా బల్ల అన్నారు. నిజమే కాబోలనుకుని నేనూ సంతోషించాను, తర్వాత ఆ సంతోషం మీదే ఒళ్ళు మండింది.

ఈ వారమంతా నాకు కుదురు లేదు. పీపా దగ్గర కూర్చుంటే కిటికీ దగ్గరకి వెళ్ళాలనిపిస్తుంది, కిటికీ దగ్గరకి వెళితే రేవులో ఆ ఓడ కనిపించి మళ్ళీ వెనక్కి వస్తాను.

"కాలు కాలిన పిల్లిలా ఏమిటమ్మగారూ ఆ తిరగడం? మీకేమైంది?" అంది మా పనిమనిషి సోయిజిక్.

ఏమైందో చెప్పాలంటే సిగ్గు. నాకు ఆ బల్ల దగ్గర కూర్చోవాలని ఉంది. అంతే. ఓడ కదిలేముందు రేవులోనే పెద్దలకీ, వాళ్ళ ఆడవాళ్ళకీ ఓడ మీద విందు ఇస్తారు. ప్రతిసారీ నేను సామాను కడుతూనో, పురిటి మంచంలోనో ఉన్నాను. ఒకసారి అడిగితే అత్తగారు, "విందుకి ఊళ్ళో ఆడవాళ్ళు వెళతారే. కెప్టెను పెళ్ళాం కూడా వెళితే మూటలు ఎవరు కడతారు?" అన్నారు. ఆవిడ పోయి చాలా కాలమైంది, మూటలు మాత్రం నేనే కడుతున్నాను.

ఇవాళ పొద్దున ఆయనకి కాఫీ ఇస్తూ అనేశాను. "ఈసారి విందుకి నేనూ వస్తాను."

"అక్కడేముంది చూడ్డానికి? ఊగుతుంది. నీకు వాంతులవుతాయి."

"అయితే అవుతాయి."

నవ్వారు. "రా, ఎవరొద్దన్నారు?"

ఎవరూ ఒద్దనలేదు. ఇన్నేళ్ళలో రమ్మన్నవాళ్ళూ లేరు.

విందు రోజు బూడిదరంగు పట్టు గౌను వేసుకున్నాను. వెనిగరుతో ఎంత తోమినా చేతులకి కొవ్వు వాసన పోలేదు. పడవ ఎక్కి, నిచ్చెన ఎక్కి, ఆయన గదిలోకి వెళ్ళేసరికి నా జాడీలన్నీ తెల్లగుడ్డ మీద వరసగా ఉన్నాయి. రేవు అధికారి భార్య మురబ్బా రుచి చూసి, "కెప్టెన్ గారూ, మీ వంటవాడి చెయ్యి అమృతమండీ," అంది.

"అవునండీ, ఘనుడు," అన్నారు మా ఆయన, నా వైపు చూడకుండా. బుగ్గలు భగ్గుమన్నాయి. అయినా కుర్చీ నాది, అది చాలనుకున్నాను.

అందరం కూర్చున్నాక పిలవని ఓ ముసలి కల్నల్ దిగబడ్డాడు. ఆయనకి కుర్చీ వేశారు. రేవు అధికారి భార్య బల్లంతా లెక్కపెట్టి లేచి నిలబడింది.

"పదమూడుమంది అయ్యాం. పదమూడుమంది ఒకే బల్ల దగ్గర తింటే ఏడాది తిరక్కుండా ఒకరు పోతారు. అందులోనూ ఓడ బయల్దేరుతుంటే. నేను కూర్చోనమ్మా."

మా ఆయన చూపు బల్ల చుట్టూ తిరిగింది. అడ్మిరల్ దగ్గర ఆగలేదు, కల్నల్ దగ్గర ఆగలేదు. నా దగ్గర ఆగింది. నా కుర్చీ వెనక్కి వచ్చి చెవి దగ్గర వంగారు.

"ఆర్మెల్, నువ్వు ఇంటి మనిషివి. ఇంటివాళ్ళు తర్వాత తినొచ్చు. పక్కగదిలో పెట్టిస్తాను, లే."

నా కాళ్ళు అప్పటికే లేవబోయాయి. ఆ కాళ్ళ మీద నాకొచ్చినంత కోపం ఆయన మీద కూడా రాలేదు. రెండు చేతులతో బల్ల అంచు పట్టుకుని కూర్చుండిపోయాను. అందరికీ వినపడేలా, మామూలు గొంతుతోనే చెప్పాను.

"ఈ ఓడ మీ ఇల్లు. ఇంటి మనిషి మీరు. నేను ఇవాళే మొదటిసారి వచ్చిన అతిథిని."

ఆయనే పక్కగదిలోకి వెళ్ళారు. నేను సూపు గిన్నె దగ్గరకి లాక్కున్నాను. వేడిగా ఉంది.